జెట్ స్కీలు తెచ్చేముందు మన రేవుల చరిత్ర చూడండి: పర్యాటక శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన రాష్ట్ర పర్యాటక శాఖ మంత్రి గారికి,

నేను కావలిలో ఉంటాను. హైస్కూల్లో సోషల్ చెప్పి రిటైరయ్యాను. సముద్రం మా ఊరికి దగ్గరే.

మా మేనకోడలు ఆస్ట్రేలియా ఉత్తరపు కొసన డార్విన్ అనే రేవు పట్టణంలో ఉంటుంది. ఈమధ్య అక్కడ జెట్ స్కీ (నీళ్ల మీద నడిచే స్కూటరు లాంటిది) టూరుకు వెళ్లి ఒక వీడియో పంపింది. గైడు ముందు పోతుంటే మిగతావాళ్లు ఒకరి వెనక ఒకరు వెళ్తున్నారు. హార్బరు మధ్యలో ఒకచోట అందరి చేతా ఇంజన్లు ఆపించి, అడుగున ఏ ఓడ పడి ఉందో, అది ఎలా మునిగిందో చెప్పడం మొదలుపెట్టాడు గైడు. 1942 ఫిబ్రవరి 19న పొద్దున పది గంటల వేళ నాలుగు జపాన్ విమానవాహక నౌకల నుంచి 188 విమానాలు లేచివచ్చి ఆ ఊరిమీద పడ్డాయి. హార్బరులో ఎనిమిది ఓడలు మునిగిపోయాయి. వాటిలో పియరీ అనే అమెరికా డిస్ట్రాయరు ఒకటి. దాని ఫిరంగిని తర్వాత పైకి తెచ్చి, ఓడ మునిగిన దిక్కుకే గురిపెట్టి ఒడ్డున పార్కులో నిలబెట్టారు. ఏళ్ల తరబడి హార్బరులో పడి ఉన్న ఆ శిథిలాల్లో చాలా భాగాన్ని 1959 నుంచి పైకి తీసింది మళ్లీ ఒక జపాన్ కంపెనీయే. వీడియోలో నాకు కనిపించింది నీళ్లు, ఆకాశం, లైఫ్ జాకెట్లు వేసుకున్న మనుషులు మాత్రమే. అయినా అందరూ నోళ్లు తెరుచుకుని వింటున్నారు. వాళ్లు టికెట్టు కొన్నది ఆ కథ వినడానికేనని నాకనిపించింది.

మైపాడులోనో కొత్తపట్నంలోనో జెట్ స్కీలు పెడతారన్న మాట మా వైపు అప్పుడప్పుడూ వినిపిస్తూ ఉంటుంది. పెడితే సంతోషమే. అయితే కుర్రవాణ్ణి ఎక్కించుకుని పది నిమిషాలు గుండ్రంగా తిప్పి, ఫొటో తీసి దించేసే పద్ధతిలో పెట్టకండి. దాన్ని ఈ తీరం రేవుల కథ చెప్పే టూరుగా పెట్టించండి. నా మనవి ఇదొక్కటే.

యుద్ధకాలపు ఓడల విషయంలో ముందే ఒక మాట చెప్పుకోవాలి. డార్విన్ మీద పడిన ఆ జపాన్ అడ్మిరల్ నగుమో దళమే 1942 ఏప్రిల్ 5న కొలంబో మీద దాడి చేసింది. మరునాడు ఇంకో జపాన్ అడ్మిరల్ ఒజావా దళంలోని ర్యూజో అనే విమానవాహక నౌక నుంచి వచ్చిన విమానాలు విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు వేశాయి. ఆ కొద్దిరోజుల్లోనే బంగాళాఖాతంలో ఇరవై దాకా సరుకు ఓడలు మునిగాయి. మద్రాసు నుంచి జనం మూటాముల్లె సర్దుకుని ఊళ్లకు పరుగెత్తారు. అంతకు ముందటి యుద్ధంలో, 1914 సెప్టెంబరు 22 రాత్రి, జర్మనీ వాళ్ల యుద్ధనౌక ఎమ్డెన్ మద్రాసు చమురు ట్యాంకులను కాల్చిపోయింది. 1971లో పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ మన విక్రాంత్‌ను వెతుక్కుంటూ మొదట మద్రాసు వైపు వచ్చి, అక్కడ దొరకక విశాఖకు వెళ్లి, డిసెంబరు మొదటి వారంలో ఆ రేవు వాకిట్లోనే మునిగిపోయింది. అంటే అది మా తీరం ముందు నుంచే పోయిందన్నమాట. కానీ ఇవన్నీ విశాఖ కథలు, మద్రాసు కథలు. విశాఖకు ఆర్కే బీచిలో కురుసుర జలాంతర్గామి ఉంది, విజయ స్తూపం ఉంది. యుద్ధపు శిథిలాల టూరు పెడితే అక్కడే పెట్టాలి. దాన్ని తెచ్చి మైపాడులో అమ్మకూడదు. ఏ కాంట్రాక్టరో ఫైబరుతో ఓడ ముక్క చేయించి, రెండో ప్రపంచ యుద్ధం నాటిదని బోర్డు కొట్టి, పక్కన పాప్‌కార్న్ బండి పెట్టే రోజు వస్తుందేమోనని నాకు నిజంగానే భయం.

మాకు అరువు కథలు అక్కర్లేదు. చెడిపోయిన ఓడల గురించి ఏడొందల ఎనభై ఏళ్ల కిందటే ఒక రాజు చట్టం చేసి రాతి మీద చెక్కించిన తీరం ఇది.

మోటుపల్లి అనే పాత రేవులో వీరభద్రస్వామి గుడి స్తంభం మీద 1244 నాటి కాకతి గణపతిదేవుని అభయశాసనం ఉంది. బళ్లో పిల్లలకు ఏటా చెప్పేవాణ్ణి, ఏటా నాకే కొత్తగా అనిపించేది. ఓడ ఒక దేశం నుంచి ఇంకో దేశానికి బయలుదేరుతుంది, తుఫానులో చిక్కుతుంది, పగిలి ఒడ్డుకు కొట్టుకొస్తుంది. పూర్వపు రాజులైతే అందులోని బంగారం, ఏనుగులు, గుర్రాలు, రత్నాలు మొత్తం బలవంతంగా లాక్కునేవాళ్లట. గణపతిదేవుడు ఆ పద్ధతి మానేస్తున్నానని రాయించాడు. ప్రాణం కన్నా ధనమే ఎక్కువనుకుని సముద్రం మీదికి తెగించి పోయేవాళ్లను చూసి జాలిపడి, కీర్తి కోసం, ధర్మం కోసం, న్యాయమైన సుంకం మినహా మిగతాదంతా వాళ్లకే వదిలేస్తున్నామన్నాడు. సుంకం ముప్పైకి ఒకటి. గంధం, కర్పూరం, పన్నీరు, దంతం, ముత్యాలు, పగడాలు, పట్టు, మిరియాలు అంటూ ఏ సరుకు మీద ఎంతో కూడా అందులోనే ఉంది. విదేశీ వర్తకులను పిలవడానికి ఇంతకన్నా మంచి ప్రకటన ఇప్పటి పెట్టుబడుల సదస్సుల్లో కూడా నేను వినలేదు. ఆ తర్వాత సుమారు యాభై ఏళ్లకు మార్కోపోలో ఈ రాజ్యం గురించి రాస్తూ రాణి పాలననూ, ఇక్కడి వజ్రాలనూ, సన్నటి బట్టలనూ మెచ్చుకున్నాడు. కాకతీయులు పోయాక 1358లో రెడ్డి రాజు అనవోతారెడ్డి మళ్లీ అదే మోటుపల్లిలో వర్తకులకు అభయమిస్తూ శాసనం వేయించాడు. ఒకే రేవులో వంద ఏళ్ల ఎడంతో ఇద్దరు రాజులు ఇచ్చిన మాట ఇది. దీన్ని ఒడ్డున నిలబడి చెప్తే వినేవాళ్లు లేరంటారా?

దక్షిణానికి వస్తే దుర్గరాజపట్నం ఉంది. మచిలీపట్నంలో పొసగని ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ వాళ్లు 1626లో ఇక్కడికొచ్చి కోట కట్టుకుని ఫిరంగులు నిలబెట్టుకున్నారు. కోరమాండల్ తీరాన వాళ్ల మొదటి కోట అదే. స్థలం దక్కడానికి సాయపడిన ఆర్ముగ మొదలియారు పేరు మీద ఆర్మగాన్ అన్నారు. ఇక్కడ పనిచేసిన ఫ్రాన్సిస్ డే అనే ఉద్యోగి 1639లో ఇంకా దక్షిణానికి వెళ్లి కొత్త స్థలం సంపాదించాడు. అదే మద్రాసు. చెన్నపట్నం పుట్టుక గురించి వాళ్లు ఏటా పండగ చేసుకుంటారు. దానికి ముందు మజిలీ మాది అన్న సంగతి మా జిల్లాలోనే చాలామందికి తెలియదు. సముద్రంలో అక్కడ మునిగి ఉన్న ఇసుక మేట కూడా నావికుల పటాల్లో ఆర్మగాన్ పేరుతోనే ఉంది. ఓడలు దాని మీదికెక్కకుండా చూసే లైట్‌హౌసుకూ ఆ పేరే. 2022 జిల్లాల విభజనలో మోటుపల్లి బాపట్లకు, దుర్గరాజపట్నం తిరుపతికి పోయాయి. మీ శాఖ మాత్రం ఒకటే కాబట్టి ఫైలు ఒకటే నడపవచ్చు.

ఈ తీరంలో ఓడలు ఎందుకు చెడేవో గైడు చెప్పగలిగితే సగం టూరు అయినట్టే. ఇక్కడ కొండ లేదు, లోతైన అఖాతం లేదు. పెద్ద ఓడ దూరంగా లంగరేసుకుని నిలబడాల్సిందే. ఒడ్డుకూ ఓడకూ మధ్య విరుచుకుపడే అలలు. వాటిని దాటి సరుకు చేరవేసింది మసూలా పడవలు: మేకు అన్నది కొట్టకుండా, పలకలను కొబ్బరి తాడుతో కుట్టి చేసినవి. అల కొడితే పడవ వంగి సర్దుకుంటుంది తప్ప విచ్చిపోదు. కంపెనీ దొరలు, గవర్నర్లు, వాళ్ల పెట్టెలు, గుర్రాలు అన్నీ మన తీరపు పడవవాళ్ల చేతుల్లో ప్రాణాలు పెట్టి ఒడ్డెక్కినవే. తుఫాను గాలి తిరిగితే లంగరు తెంచుకుని లోపలికి పారిపోవాలి, లేదా ఒడ్డున పడి ముక్కలవ్వాలి. గణపతిదేవుడు చట్టం చేయాల్సి వచ్చింది ఇందుకే.

సముద్రాన్ని తప్పించుకోవడానికి తవ్వించినదే బకింగ్‌హాం కాలువ. మద్రాసు దగ్గర 1806లో మొదలై ముక్కముక్కలుగా పెరిగి, 1876-78 కరువులో తిండిలేని జనం కూలిపనిగా తవ్వితే మద్రాసులో ఉత్తరపు ముక్కా దక్షిణపు ముక్కా కలిశాయి. అప్పటి గవర్నరు పేరు దానికి పెట్టారు. తవ్వినవాళ్ల పేర్లు ఏ పలక మీదా లేవు. పెదగంజాం నుంచి మా జిల్లా పొడుగునా సముద్రానికి సమాంతరంగా ఉప్పు, ధాన్యం, కట్టెలు దీనిమీదే మద్రాసు చేరేవి. రైలు వచ్చి దాని గిరాకీ తీసింది, తుఫాన్లు గట్లు తీశాయి, ఇప్పుడు మిగిలింది చాలాచోట్ల గుర్రపుడెక్క.

కాలువలో జెట్ స్కీ వద్దు. దానికి రెక్కల పంకా బయట ఉండదు. అడుగు నుంచి నీళ్లు పీల్చి వెనక్కి చిమ్ముతూ పోతుంది. నాచు, డెక్క, తెగిన వల ముక్క ఏది లోపలికి పోయినా నిలబడిపోతుంది. కాలువకు చదును అడుగు పడవ, మెల్లగా నడిపే సరంగు, నీడకు ఒక గుడ్డ చాలు. జెట్ స్కీకి తగిన చోటు కృష్ణపట్నం వైపు కండలేరు క్రీకు. అలల దెబ్బ ఉండదు, పక్కన మడ అడవి ఉంటుంది, ఎదురుగా పాత రేవూ కొత్త పోర్టూ ఒకేసారి కనిపిస్తాయి. బొగ్గు ఓడలు వచ్చే చానల్లోకి మాత్రం కాలు పెట్టనివ్వకూడదు. పోర్టు వాళ్లను, కోస్ట్‌గార్డును, మెరైన్ పోలీసులను కూర్చోబెట్టి గీత గీయించి, బోయాలు వేయించాలి. శ్రీహరికోట వైపు అసలు ఆలోచనే వద్దు.

భద్రత గురించి ఒంగోలు వాళ్లకు ఎవరూ చెప్పక్కర్లేదు. 2017 నవంబరు 12న ఇబ్రహీంపట్నం దగ్గర కృష్ణా నదిలో పడవ తిరగబడి పోయినవాళ్లలో ఎక్కువమంది ఒంగోలు నుంచి కార్తీక మాసం దర్శనానికి వెళ్లినవాళ్లే. అనుమతి లేని పడవ అది. జెట్ స్కీకి ఇంకో గుణం ఉంది: భయపడి యాక్సిలరేటరు వదిలేస్తే హ్యాండిలు ఎటు తిప్పినా తిరగదు, ఉన్న వేగంతో నేరుగా పోతుంది. కొత్తవాడు సరిగ్గా ఆ క్షణంలోనే వదిలేస్తాడు. మనిషి పడగానే ఇంజన్ ఆగిపోయే తాడు ఒంటికి కట్టకుండా ఒక్కర్నీ ఎక్కించకూడదు. టెండరులో ఎక్కువ డబ్బిచ్చినవాడికే ఇచ్చే పద్ధతి ఈ పనికి పనికిరాదు. గోవాలోని జాతీయ జలక్రీడల సంస్థ సర్టిఫికెట్టు ఉన్నవాళ్లు ఎంతమంది అన్నది ముందు చూసి, ఆ తర్వాతే రేటు చూడండి.

ఆ సర్టిఫికెట్టు మా పట్టపుపాలేల (జాలర్ల ఊళ్ల) పిల్లలకే ఇప్పించండి. ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం. మీ ప్రభుత్వం భృతి ఇస్తోంది, మంచిదే. ఆ రెండు నెలలూ శిక్షణకు సరిపోతాయి. ఈత నేర్పక్కర్లేదు, గాలి చూసి చెప్పడం నేర్పక్కర్లేదు. వాళ్లకు నేర్పాల్సింది ఈ తీరం పాత కథ. వాళ్ల దగ్గర మనం నేర్చుకోవాల్సింది సముద్రం అడుగు సంగతి. ఎక్కడ వల వేస్తే చిక్కుకుని చిరుగుతుందో పాలెం పెద్దలకు నోటికి వచ్చు. కొన్ని బండరాళ్లు, కొన్ని చెట్టు మొద్దులు, కొన్ని మాత్రం కచ్చితంగా ఏ పాత ఓడ ఎముకలో అయి ఉంటాయని నా అనుమానం. బయటి నుంచి వచ్చిన కుర్రాడు కాగితం చూసి చదివే గైడయితే మోటుపల్లి శాసనం కూడా రైల్వే అనౌన్సుమెంటు లాగే వినిపిస్తుంది.

వేట ఉన్న రోజుల్లో తెల్లారి పడవలు తిరిగొచ్చే వేళ, వలలు ఆరవేసే చోట ఈ బండ్లు తిరగకూడదు. జనవరి నుంచి మార్చి దాకా మా ఇసుకలో ఆలివ్ రిడ్లే తాబేళ్లు గుడ్లు పెడతాయి. ఆ నెలల్లో చీకటి పడ్డాక ఒడ్డున లైట్లూ వద్దు, బండ్లూ వద్దు. ఇక నవంబరు తుఫాన్ల సంగతి మీకు తెలియనిది కాదు.

డబ్బు లేకుండా ఈ నెలలోనే చేయగల పని ఒకటుంది. డెహ్రాడూన్‌లోని నావికాదళ హైడ్రోగ్రాఫిక్ కార్యాలయం వేసే సముద్ర పటాల్లో ఓడ శిథిలాలను గుర్తుపెడతారు. పులికాట్ నుంచి మోటుపల్లి దాకా ఉన్న గుర్తుల జాబితా ఇమ్మని మీ శాఖ నుంచి ఒక ఉత్తరం రాయించండి. దాన్ని పాలెం పెద్దల నోటి లెక్కతో సరిచూడటానికి ఇద్దరు చరిత్ర విద్యార్థులు, ఒక అద్దె పడవ చాలు. దొరికినదాన్ని ఎవరూ ముట్టుకోకుండా, ముక్క కూడా పైకి తేకుండా ముందే ఉత్తర్వు ఇవ్వండి. ఆస్ట్రేలియాలో 75 ఏళ్లు దాటిన ఓడ శిథిలానికి చట్టమే కాపలా. మనకూ అలాంటిదొకటి ఉండాలి. పాత ఇనుము వ్యాపారికి సంగతి తెలిసేలోపు ఉండాలి.

మీ అధికారులు వస్తే మోటుపల్లి శాసన పాఠం, దాని తెలుగు తాత్పర్యం నా దగ్గర ఉన్నవి కాపీలు తీసి ఇస్తాను. క్రీకు చూడటానికి పాలెం వాళ్లు పడవ పెడతామన్నారు. డీజిల్ ఖర్చు మాత్రం మీ శాఖ పెట్టుకోవాలి.

ఇట్లు,
ఒక రిటైర్డ్ సోషల్ మాస్టారు,
కావలి, నెల్లూరు జిల్లా.