కార్లా కమురాటి సినిమాని ఎవరు రిలీజ్ చేశారో రాయరేం?

సంపాదకులు గారికి నమస్కారం.

మీ ఆదివారం సినిమా పేజీలో బ్రెజిల్ నటి కార్లా కమురాటి మీద వేసిన వ్యాసం చదివాను. బాగుంది, కాదనను. కానీ సగానికి పైగా ఆవిడ అందానికీ టీవీ సీరియళ్లకే సరిపోయింది, చివర్లో "దర్శకత్వం కూడా చేపట్టారు" అని ఒక్క ముక్కతో తేల్చేశారు. అసలు కథ అక్కడే ఉందండీ.

పాలకొల్లు, భీమవరం, నరసాపురం హాళ్ల చుట్టూ డిస్ట్రిబ్యూటర్ల రిప్రజెంటేటివ్‌గా తిరిగినవాణ్ణి, అందుకని ఏ సినిమా గురించి విన్నా ఎవరు కొన్నారు, ఎవరు ఆడించారు అన్నదే నాకు ముందు తడుతుంది. 1990లో ప్రెసిడెంట్ ఫెర్నాండో కొలోర్ గద్దెనెక్కగానే ఎంబ్రాఫిల్మే అనే ప్రభుత్వ సినిమా సంస్థని మూసేశాడు. అక్కడి సినిమాలకి డబ్బు పెట్టడంలోనూ హాళ్లకి చేర్చడంలోనూ పెద్ద దిక్కు అదే, అది పోయేసరికి కొన్నేళ్లపాటు వాళ్ల సొంత సినిమాలు దాదాపు ఆగిపోయాయి. సరిగ్గా అప్పుడు ఈవిడ ఏకంగా రాజుల కథ ఎత్తుకుంది, 'కార్లోటా జొవాకినా'. నెపోలియన్‌కి జడిసి పోర్చుగల్ రాజకుటుంబం ఓడలెక్కి 1808లో బ్రెజిల్‌లో దిగడం, స్పెయిన్ నుంచి వచ్చిన కోడలు కార్లోటాకి ఆ దేశమూ గిట్టక, ఆ మొగుడూ గిట్టక పడే తిప్పలు. కార్లోటాగా మరియెటా సెవేరో, ఎప్పుడు చూసినా కోడికాలు నమిలే మొగుడు దొం జొవావ్‌గా మార్కో నానిని. రాజుని బఫూన్‌ని చేసిందని చరిత్రకారులు తప్పుపట్టారు. చేతిలో డబ్బు లేకుండా రాజదర్బారు తీయాలంటే వెటకారం కాక ఇంకేం దారి ఉంది? మా గోదావరి వాళ్లకి ఆ మాట వేరే చెప్పక్కర్లేదు.

1995లో రిలీజ్. పెద్ద డిస్ట్రిబ్యూటర్ అండ లేదు, కొద్ది ప్రింట్లతో ఊరి తర్వాత ఊరు తనే ఆడించుకుంది. 10 లక్షల మందికి పైగా చూశారు. బ్రెజిల్ సినిమా మళ్లీ లేచి నిలబడింది ఈ సినిమాతోనే అని అక్కడి వాళ్లు ఇప్పటికీ చెప్పుకుంటారు.

ప్రింట్లు తక్కువైతే ఆ టెన్షన్ ఎలా ఉంటుందో మాకు తెలుసు. ఒకే ప్రింటు రెండు హాళ్లకి ఆడించేటప్పుడు ఇక్కడ రీలు దిగగానే కుర్రాడు సైకిలెక్కి అక్కడికి పట్టుకెళ్లేవాడు, మధ్యలో రైల్వే గేటు పడిందా, ఆ హాల్లో ఇంటర్వెల్ ముందే ఇచ్చేయడమే. ఆట అయ్యాక డీసీఆర్ మీద, అంటే ఆ రోజు వసూళ్ల లెక్క కాగితం మీద, సంతకం పెట్టించుకునేదాకా మాకు నిద్ర లేదు. ఒక హీరోయిన్ ఆ లెక్కల్లోకి దిగింది అన్నది మీకు వార్తలా కనబడలేదా?

మన దగ్గర భానుమతి గారికి సొంతంగా భరణీ పిక్చర్స్ ఉండేది, 44 సినిమాలు తీసి గిన్నిస్‌కెక్కిన విజయనిర్మల గారికీ ఇంట్లోనే బ్యానర్ ఉండేది. సావిత్రి గారు 1968లో ఎక్కువగా ఆడవాళ్లనే పెట్టుకుని 'చిన్నారి పాపలు' తీస్తే డబ్బు పోయింది, ఆవిడకి డైరెక్షన్ రాక కాదు, అమ్మకం చూసే మనిషి లేకే అని నా అనుమానం.

ఇంకోటి కూడా వదిలేశారు. కమురాటి 1988లో 'ఎటర్నమెంటె పాగూ'లో ప్రధాన పాత్ర వేసింది, దాని డైరెక్టర్ నార్మా బెంగెల్ కూడా నటే. పని దగ్గర నుంచి చూసిందన్నమాట. తర్వాత రియోలో మున్సిపల్ థియేటర్‌ని కొన్నేళ్లు నడిపింది, పిల్లల సినిమాలకి ఒక ఫెస్టివల్ పెట్టింది, అవి సరే.

ఇకమీదట ఇలాంటి వ్యాసం వేసినప్పుడు ఎన్ని ప్రింట్లు, ఎవరు రిలీజ్ చేశారు, ఎలా ఆడింది అని ఒక పేరా ఇవ్వండి. మా భీమవరం, అమలాపురం వైపు కాలేజీల్లో షార్ట్ ఫిల్ములు తీసే ఆడపిల్లలున్నారు, వాళ్లకి పనికొచ్చేది ఆ పేరానే. చోటు చాలకపోతే ఫోటో కాస్త చిన్నది వేయండి, ఏం పర్లేదు.

– ఒక పాత ఫిల్మ్ రిప్రజెంటేటివ్, పాలకొల్లు