పార్కులో కలుపు మందు కొట్టే ముందు ఒక మాట చెప్పండి

సంపాదకుడు గారికి,

పోయిన వారం పొద్దున నేను నడకకు వెళ్లే పార్కులో ఒక మనిషి వీపుకు ట్యాంకు తగిలించుకుని పచ్చిక మీద మందు కొడుతున్నాడు. మాస్కు లేదు, గ్లౌజులు లేవు, కాళ్లకు మామూలు చెప్పులు. ఏం మందు బాబూ అని అడిగితే "గడ్డి మందేనమ్మా" అన్నాడు. దాని పేరు అతనికి ఎవరూ చెప్పలేదట. ఇంకో గంటకు అదే తడి గడ్డి మీద పిల్లలు బంతి ఆడుతున్నారు. ఒక పాప బోర్లా పడుకుని గడ్డి పరకలు పీకుతోంది. నేను వెళ్లి చెప్పేదాకా వాళ్ల అమ్మకు ఆ సంగతే తెలియదు. అప్పటి నుంచి నాకు మనసు మనసులో లేదు.

కలుపు మందు అసలే వద్దని నేను అనడం లేదు. తుంగ పట్టిన లాన్‌ను చేత్తో బాగుచేయడం ఎంత కష్టమో నాకు తెలుసు. పైన పీకేస్తే లోపల మిగిలిన గడ్డల నుంచి మళ్లీ మొలుస్తుంది. నా బాధల్లా ఒకటే. అందరూ కూర్చునే, పిల్లలు దొర్లే చోట, ఏం కొడుతున్నారో కొట్టేవాడికీ తెలియదు, తొక్కేవాళ్లకీ తెలియదు.

గడ్డి మందు అని ఒకే పేరుతో పిలుస్తాం కానీ అవన్నీ ఒకటి కాదు. 1940ల్లో వచ్చిన 2,4-డి వెడల్పాకు మొక్కలను అడ్డదిడ్డంగా పెరిగేలా చేసి, మెలితిప్పి చంపుతుంది. గడ్డిని వదిలేస్తుంది కాబట్టే లాన్లలో అంతగా వాడుతున్నారు. 1974 నుంచి అమ్ముతున్న గ్లైఫోసేట్‌కు ఆ తేడా లేదు, దాని తుంపర పడిన చోట లాన్ కూడా ఎండిపోతుంది. పెండిమిథాలిన్ లాంటివి గింజ మొలిచే దశలోనే పనిచేస్తాయి, ఎదిగిన కలుపు మీద కొట్టినా లాభం ఉండదు. ఇక తుంగ చూడటానికి గడ్డిలాగే ఉంటుంది కానీ గడ్డి జాతి కాదు. కాడను వేళ్ల మధ్య తిప్పితే మూడు పలకలు తగులుతాయి. దానిమీద 2,4-డి కొడితే పైన వాడినా కింద గడ్డలు బతికే ఉంటాయి. అది తెలియక నెలా రెండు నెలలకోసారి అదే మందు మళ్లీ కొడుతుంటే కలుపు అలాగే ఉంటుంది, మందు మాత్రం మన కాళ్లకు అంటుకుంటుంది.

అంటుకున్నది అక్కడితో పోదు. పచ్చిక మీది 2,4-డి చెప్పులతో, పెంపుడు కుక్కల పాదాలతో ఇంట్లోకి వస్తుంది. బయట ఎండా వానా, మట్టిలోని సూక్ష్మజీవులూ దాన్ని కరిగిస్తాయి. ఇంట్లో కార్పెట్ మీద అవేవీ ఉండవు కాబట్టి ఎక్కువ కాలం నిలుస్తుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధన విభాగం 2015లో గ్లైఫోసేట్‌ను "బహుశా క్యాన్సర్ కలిగించేది" అనే వర్గంలో, 2,4-డిని దానికంటే ఒక మెట్టు కింద పెట్టింది. గ్లైఫోసేట్ విషయంలో అమెరికా పర్యావరణ సంస్థ దీనితో ఏకీభవించలేదు. పెద్ద పెద్ద సంస్థలకే ఒక మాట కుదరనప్పుడు, ఆ గడ్డి మీద కూర్చోవాలా వద్దా అన్నది కనీసం మమ్మల్ని తేల్చుకోనివ్వాలి కదా.

చెట్ల సంగతీ చూడాలి. 2010లో అమెరికాలో ఇంప్రెలిస్ అనే లాన్ మందు వచ్చింది. కలుపుతో పాటు చుట్టుపక్కల స్ప్రూస్, పైన్ చెట్లు కూడా ఎండిపోవడంతో 2011లోనే దాని అమ్మకం ఆపించారు. లాన్ కిందే చెట్ల వేళ్లు కూడా ఉంటాయని మనం మర్చిపోతాం. క్లోపిరాలిడ్ అనే ఇంకో మందు కొట్టిన గడ్డిని కోసి కంపోస్టు చేస్తే, ఎరువయ్యాక కూడా అది పోదు. ఆ ఎరువు వేసిన టమాటా, చిక్కుడు ఆకులు ముడుచుకుపోతాయి.

అసలు కలుపు ఎందుకొస్తుందో ఎవరూ అడగరు. మిషన్‌తో నేల కనిపించేలా గొరిగేస్తే ఎండ నేరుగా మట్టిని తాకి కలుపు గింజలు లేస్తాయి. ఒక్కసారికి గడ్డి ఎత్తులో మూడో వంతుకు మించి కోయకూడదు. అందరూ తొక్కి గట్టిపడిన చోట మట్టి గుల్ల చేసి మళ్లీ పచ్చిక నాటాలి. ఇవి చేశాక కూడా మిగిలిన కలుపుకు, అది ఉన్న చోట మాత్రమే, గాలి లేనప్పుడు మందు కొడితే నాకు అభ్యంతరం లేదు.

కెనడాలో హడ్సన్ అనే చిన్న ఊరు అందం కోసం పచ్చికల మీద పురుగుమందులు, కలుపు మందులు కొట్టకూడదని 1991లో నిబంధన పెట్టుకుంది. కంపెనీలు కోర్టుకెళ్తే 2001లో ఆ దేశ సుప్రీంకోర్టు ఊరి పక్షానే తీర్పిచ్చింది. నేను అంత దూరం అడగడం లేదు. మందు పేరు, కొట్టే తేదీ, ఎప్పటిదాకా లోపలికి రాకూడదో ముందురోజే రాసి పెట్టండి. సీసా మీద చెప్పినంతసేపు ఆ భాగానికి తాడు కట్టండి. కొట్టే మనిషికి గ్లౌజులు, బూట్లు, మాస్కు ఇవ్వండి, అందరికంటే ముందు ఆ మందు తగిలేది అతనికే. పార్కు గేటు దగ్గర తెరిచే, మూసే వేళలు రాసిన బోర్డు ఎలాగూ ఉంది. దాని కింద సగం ఖాళీగానే ఉంది.

— ఒక పాఠకురాలు