ఇంటికి తాళం వేసుకోండి, నా సామాను నాకివ్వండి

వినియోగదారుల సేవా విభాగం వారికి,

విషయం: సబ్‌స్క్రిప్షన్ ముగిశాక తాళం పడిన వీఆర్ (తలకి హెడ్‌సెట్ పెట్టుకుని ఆడే) ఆటల్లో చిక్కుకుపోయిన నా ఆరు పాటల ప్యాక్‌లు, మా అమ్మాయి గీసిన ఒక బొమ్మ.

నమస్కారం.

మీ నెలవారీ ఆటల పథకంలో నేను 26 నెలలు ఉన్నాను. నెలకు రెండు చొప్పున 52 ఆటలు తీసుకున్నాను. కిందటి నెల నేనే రద్దు చేసుకున్నాను. అందులో మీ తప్పేమీ లేదు. 52లో పట్టుమని పదిహేను కూడా తెరవలేదని ఒకరోజు లెక్క చూసుకుని, సిగ్గేసి మానేశాను. ఆ తర్వాత వచ్చిన చిక్కుల మీద మీ చాట్‌లో నలుగురితో మాట్లాడాను. నలుగురూ ముందు ఒకటే పాఠం అప్పజెప్పారు: "చందా ఆగితే ఆటలు ఆగుతాయి, మళ్లీ చేరితే మళ్లీ వస్తాయి." ఆ సంగతి నాకు తెలుసు. తెలిసే చేరాను, తెలిసే మానేశాను. దయచేసి ఆ పేరానే మళ్లీ కాపీ చేసి ఈ ఉత్తరానికి జవాబుగా పంపకండి.

అద్దె ఇల్లు ఖాళీ చేశాక ఆ ఇల్లు నాదని ఎవరూ అనరు. ఇల్లు మీది, తాళం మీది, వేసుకోండి. కానీ నేను కొనుక్కున్న బీరువా, గోడకి తగిలించుకున్న ఫొటోలు లోపల ఉండగానే తాళం వేసి, "మళ్లీ అద్దెకు దిగండి, అన్నీ అలాగే ఉన్నాయి" అంటే ఎలా? నా గొడవంతా ఇదే.

ముందు బీరువా సంగతి. చేరిన కొత్తలోనే మీరొక రిథమ్ ఆట ఇచ్చారు. పాట దరువుకు తగ్గట్టు ఎదురొచ్చే దిమ్మెల్ని రెండు చేతులా కొట్టుకుంటూ పోవాలి. పొద్దున్నే అరగంట అదే నాకు వ్యాయామం. చెమటకి తడిసి తడిసి హెడ్‌సెట్ లోపలి నురుగు పాడైతే రెండుసార్లు మార్చాను. ఆటతో వచ్చిన పాటలు విని విని విసుగొచ్చాక విడిగా పాటల ప్యాక్‌లు కొనడం మొదలుపెట్టాను. ఒకటి కాదు, ఆరు. అవి పథకంలోవి కావు. ఒక్కోదానికి ఒక్కో బిల్లు, ఆరూ జతచేశాను. ఆరింటి కిందా మీ స్టోర్ "కొనండి" అనే రాసింది. "చందా ఉన్నన్నాళ్లు వాడుకోండి" అని రాసి ఉంటే ఒక్కటి కూడా కొని ఉండేవాణ్ణి కాదు. కాలిఫోర్నియాలో 2025 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన ఏబీ 2426 చట్టం సరిగ్గా ఈ మాట గురించే. డిజిటల్ సరుకు మీద "కొనండి" అని రాయాలంటే, మీకు దక్కేది లైసెన్సు మాత్రమేనని కొనేవాడికి స్పష్టంగా చెప్పాలి. చందా పథకాలకు అందులో మినహాయింపు ఉందని మీ లాయర్లు గుర్తుచేస్తారు. ఉంది. కానీ నా ప్యాక్‌లు చందాలోవి కావు కదా.

ఇప్పుడు నా ఖాతా తెరిస్తే ఆరు ప్యాక్‌ల పక్కనా పచ్చ టిక్కు, "మీ సొంతం" అని. దాన్ని నొక్కితే "ఈ ప్యాక్ వాడటానికి ఆట కావాలి" అంటుంది. ఆట దగ్గరికి వెళ్తే బూడిద రంగు చతురస్రం, మూలన చిన్న తాళం బొమ్మ. కంట్రోలర్ నుంచి వచ్చే తెల్ల గీతను దాని మీద పెట్టి ట్రిగ్గర్ నొక్కితే "ఆడాలంటే మళ్లీ చేరండి". చెప్పులు నావేనట, కాళ్లు మాత్రం మీవి.

ఆటను విడిగా కొనేసుకోవచ్చుగా అంటారు. చందాలో ఉన్నప్పుడే, అది సగం ధరకు వచ్చిన రెండుసార్లూ కొందామని చూశాను. కొనే బటనే లేదు. ఆ చోట "ఇప్పటికే మీ లైబ్రరీలో ఉంది" అని ఉంది. ఉన్నదాన్ని మళ్లీ కొనడం ఎందుకులే పాపం అని మీ స్టోర్ నా మీద జాలి పడిందనుకున్నాను. రద్దయిన మర్నాడు అదే చోట కొనే బటన్ ప్రత్యక్షమైంది, పూర్తి ధరతో. లోపల ఉన్నవాడికి దాచి, బయటికి వెళ్లినవాడికి చూపించే ఆ బటన్ ఎవరి ఆలోచనో గానీ, ఆయన మీ కంపెనీలో పైకొస్తాడు. ఇలాగే ఉండాలని శాసనమేమీ లేదు. మైక్రోసాఫ్ట్ వాళ్ల ఆటల చందా పథకం గేమ్ పాస్‌లో ఉన్న ఆటను చందాదారు చందాలో ఉండగానే కొనుక్కోవచ్చు. జాబితాలోంచి తీసేయబోయే ఆటలను ముందే విడిగా చూపిస్తారు, కావలసినవాళ్లు ఆలోగా కొనుక్కుంటారు.

ఇక ఫొటోల సంగతి. దీనికి బిల్లు లేదు.

మీరిచ్చిన వాటిలో గాలిలో బొమ్మలు గీసే యాప్ ఒకటుంది. మా అమ్మాయికి అప్పుడు పదకొండేళ్లు. ఒక సెలవు రోజు మధ్యాహ్నమంతా కూర్చుని (కూర్చుని అనకూడదు; వంగి, పాకి, మునివేళ్ల మీద లేచి) ఒక చెట్టు గీసింది. వేళ్లు గీయడానికి నేల మీద బోర్లా పడుకుంది. మాను చుట్టూ తిరిగి తిరిగి బెరడు దిద్దింది. కొమ్మలు తన చెయ్యి ఎంతవరకు అందితే అంతవరకు పెరిగి ఆగిపోయాయి. కాసేపు ఆలోచించి "నాన్నా, ఎత్తుకో" అంది. హెడ్‌సెట్ తలకి ఉండగానే నడుం పట్టుకుని పైకెత్తాను. చిటారు కొమ్మలు అలా వచ్చాయి. నా చేతులు వణికిన చోటల్లా ఆ గీతలూ వణికాయి. తర్వాత నేను పెట్టుకుని ఆ చెట్టు కింద నిలబడ్డాను. తన చెయ్యి అందిన ఎత్తు సరిగ్గా నా నెత్తి దగ్గర ఆగింది, ఆ పైనంతా వంకర టింకర గీతలే. ఎక్కడిదాకా తనంతట తాను గీసిందో, ఎక్కడినుంచి నేను మోశానో చెట్టును చూసి చెప్పొచ్చు. ఇప్పుడు తనకు పదమూడు. ఎత్తడం నా వల్ల కాదు.

స్క్రీన్‌షాట్ తీసుకోలేదా అని మీ వాళ్లు అడిగారు. ఒకటుంది. నాలుగు గోధుమ రంగు గీతలు, కాస్త ఆకుపచ్చ. కింద నిలబడటానికి లేదు, చుట్టూ తిరగడానికి లేదు. వీఆర్‌లో గీసిన బొమ్మకు స్క్రీన్‌షాట్ ఏమాత్రం సరిపోతుందో మీకు నేను చెప్పాలా, హెడ్‌సెట్ అమ్మేటప్పుడు మీరు చెప్పే మాటే కదా అది.

రద్దు చేసేటప్పుడు మీరు నన్ను నాలుగు తెరలు దాటించారు. ఏమేం కోల్పోతానో ఒక తెర, ఇంకో నెల తగ్గింపుతో ఇస్తామని ఒక తెర, ఎందుకు వెళ్తున్నారని ఒకటి. ఆఖరిదాంట్లో "మీ ప్రగతి భద్రంగా ఉంటుంది" అని ధైర్యం చెప్పారు. భద్రంగానే ఉంది. ఇనప్పెట్టెలో పెట్టి తాళంచెవి మీ జేబులో వేసుకున్నాక భద్రం కాక ఏమవుతుంది? "మీరు గీసినవేమైనా ఉంటే ముందే బయటికి తీసుకోండి" అని నాలుగు తెరల్లో ఒక్కచోట కూడా లేదు. ఆ యాప్‌లో ఎక్స్‌పోర్ట్ సదుపాయం ఉంది, బొమ్మను త్రీడీ ఫైలుగా ఇస్తుంది. కానీ యాప్ తెరుచుకుంటేనే కదా ఆ బటన్ నొక్కేది. ముందే తీసి పెట్టుకోకపోవడం నా బద్ధకం, ఒప్పుకుంటాను.

దీనికి ఇంకో ముడి పడింది. ఆ యాప్‌ను తయారీదారు ఈమధ్యే స్టోర్ నుంచి తీసేశారు. కొందామన్నా దొరకదు. సరే, పౌరుషం పక్కనపెట్టి ఒక నెల చందా కట్టి, బొమ్మ తీసుకుని బయటపడదామనుకున్నాను. స్టోర్‌లోంచి తీసేసిన యాప్ అలా చేరితే తిరిగి తెరుచుకుంటుందా అని అడిగితే, మీ రెండో ఆయన తెరుచుకుంటుందన్నారు, మూడో ఆవిడ తెరుచుకోదన్నారు. ఇద్దరి మాటలూ చాట్‌లో రాతపూర్వకంగా ఉన్నాయి.

నాలుగో ఆయన ఇచ్చిన సలహాను మాత్రం మీ పెద్దల దృష్టికి తీసుకురావాలి. "హెడ్‌సెట్‌లోంచి యాప్‌ను డిలీట్ చేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేయండి సార్, తాళం పోవచ్చు" అన్నారు. నేను ఇలాంటి విషయాల్లో కాస్త పిరికివాణ్ణి కాబట్టి ముందు సెట్టింగ్స్ తెరిచి చూశాను. ఆ యాప్‌లో మనం గీసినవన్నీ హెడ్‌సెట్‌లోనే దాని ఫోల్డర్‌లో ఉంటాయి. క్లౌడ్ బ్యాకప్ అన్ని ఆటలకూ జరగదు, తయారీదారు ఒప్పుకున్నవాటికే జరుగుతుంది. దీని పక్కన "బ్యాకప్ లేదు" అని ఉంది. యాప్‌ను డిలీట్ చేస్తే ఫోల్డర్ కూడా పోతుంది. పోనీ తిరిగి ఇన్‌స్టాల్ అవుతుందా అంటే, చందా లేదు కాబట్టి అదీ అవదు. ఆయన చెప్పినట్టు చేసి ఉంటే ఈ ఉత్తరంలో సగం రాయాల్సిన అవసరమే ఉండేది కాదు. చెప్పింది కంపెనీ మనిషి కదా అని ఎందరు ఆ పని చేసి ఉంటారో.

వేరేవాళ్లు ఇలాంటి చోట గీత ఎక్కడ గీశారో చూడండి. గూగుల్ 2023 జనవరి 18న స్టేడియా అనే తన ఆటల సేవను మూసేసినప్పుడు నెలవారీ చందా సొమ్ము వాపసు ఇవ్వలేదు. కానీ స్టోర్‌లో విడిగా కొన్న ఆటలకు, వాటి అదనపు ప్యాక్‌లకు ఇచ్చింది. అద్దె వేరు, కొన్నది వేరు అని దుకాణం కట్టేసేటప్పుడు కూడా వాళ్లకు గుర్తుంది. సోనీ తన ప్లేస్టేషన్ ప్లస్ అనే ఆటల చందా అయిపోయాక కూడా క్లౌడ్‌లో దాచిన సేవ్‌లను (ఆటలో ఎక్కడిదాకా వచ్చామో ఆ వివరాలను) ఆరు నెలలు ఉంచుతుంది. 2021 జనవరిలో గూగుల్ టిల్ట్ బ్రష్ అనే వీఆర్ బొమ్మల యాప్ మీద పని ఆపేసినప్పుడు దాని కోడ్‌ను అందరికీ వదిలేసింది. దాంట్లోంచి ఓపెన్ బ్రష్ పుట్టింది, పాత బొమ్మలు ఇప్పటికీ అందులో తెరుచుకుంటాయి.

నా బొమ్మకు బాగా దగ్గరి కథ ఇంకోటుంది. 2009లో అమెజాన్ తాను అమ్మిన ఒక ఈ-పుస్తకాన్ని జనాల కిండిళ్లలోంచి (ఈ-పుస్తకాలు చదివే పరికరాల్లోంచి) వెనక్కి లాగేసుకుంది. డబ్బు తిరిగి ఇచ్చేసింది, అయినా ఒక విద్యార్థి కోర్టుకెక్కాడు. అతని బాధ పుస్తకం పోయినందుకు మాత్రమే కాదు. చదువుతూ అందులో రాసుకున్న నోట్సు, కింద పుస్తకం లేకపోయేసరికి దేనికీ కొరగాకుండా పోయింది. కేసు పడకముందే కంపెనీ అధినేత క్షమాపణ చెప్పాడు. ఆ తర్వాత నోట్సుతో సహా పుస్తకం తిరిగి ఇస్తామన్నారు.

యూరోపియన్ యూనియన్‌లో 2022 జనవరి 1 నుంచి వర్తిస్తున్న, డిజిటల్ సరుకులు, సేవల ఒప్పందాల మీద చేసిన 2019/770 ఆదేశంలో 16వ అధికరణం ఉంది. సేవలో లోపం వంటి కారణాలతో ఒప్పందం రద్దయినప్పుడు, వినియోగదారు అందులో తయారుచేసుకున్నది అడిగితే, ఉచితంగా, వాడుకోదగిన ఫైలుగా ఇవ్వాలంటుంది. ఆ సేవ బయట ఎందుకూ పనికిరానివాటికి మినహాయింపు. నేను లోపం చూపి రద్దు చేసుకోలేదు కాబట్టి ఆ చట్టం పట్టుకుని మిమ్మల్ని బెదిరించడం లేదు. గీసినది గీసినవాళ్లదే అన్న మాట నా సొంత కల్పన కాదని చెప్తున్నానంతే. రిథమ్ ఆటలో నా స్కోర్లు అడగడం లేదు, అవి ఆట బయట అంకెలే. చెట్టు అలా కాదు. ఫైలు చేతికొస్తే ఏ త్రీడీ సాఫ్ట్‌వేర్‌లోనైనా నిలబడుతుంది.

కాబట్టి ప్యాక్‌ల విషయంలో మీకు ఏది తేలికైతే అది చేయండి. నేను కొన్న పాటల వరకు ఆట తెరవండి, లేదా నేను కొనబోతే బటన్ దాచిన రోజుల ధరకు ఆట అమ్మండి, అదీ కుదరకపోతే ఆరు బిల్లుల సొమ్ము వాపసు ఇవ్వండి. మూడింటిలో దేనికైనా నేను సిద్ధమే. బొమ్మ విషయంలో బేరం లేదు. నా ఖాతాకు ఆ యాప్‌ను రెండు రోజులు తెరిచి ఉంచితే చాలు, ఎక్స్‌పోర్ట్‌కు పది నిమిషాలు పట్టదు. ఎప్పుడు తెరుస్తారో ముందుగా చెప్పండి, ఆ సమయానికి అమ్మాయి ఇంట్లో ఉండేలా చూసుకుంటాను. ఇక, డిలీట్ చేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేయమనే సలహాను మీ సిబ్బంది పాఠంలోంచి ఈరోజే తీసేయించండి. దానికి నా ఫిర్యాదు తేలేదాకా ఆగక్కర్లేదు.

జవాబుకు రెండు వారాలు చూస్తాను, ఆ తర్వాత ఇవే కాగితాలతో వినియోగదారుల కమిషన్‌కు వెళ్తాను. ఆలోగా ఒక్క ఇబ్బంది ఉంది. నా హెడ్‌సెట్ 128 జీబీది, నిండిపోయింది. అప్‌డేట్‌కు జాగా చాలడం లేదు, వాడని ఆటలు తీసేయమంటారా అని తెరిచినప్పుడల్లా అడుగుతోంది. చూపిస్తున్న జాబితాలో మొదటి పేరు ఆ బొమ్మల యాప్‌దే. "తర్వాత" అని నొక్కుతూ వస్తున్నాను. ఇంట్లో ఇంకెవరూ పొరపాటున "సరే" నొక్కకుండా హెడ్‌సెట్‌ను తీసి బీరువాలో పెట్టాను, తాళంచెవి నా దగ్గరే ఉంది.

ఇట్లు,
26 నెలల మీ పాత చందాదారు

జతచేసినవి: ఆరు ప్యాక్‌ల బిల్లులు, నాలుగు చాట్ సంభాషణలు, రద్దు పేజీ తెరల చిత్రాలు, చెట్టు స్క్రీన్‌షాట్ ఒకటి.