అలను చూసిన కెమెరా తీరాన్నీ చూడాలి

సంపాదకుల వారికి,

విశాఖ తీరంలో సర్ఫింగ్‌ను, అంటే పలకపై నిలబడి అలల మీద సాగే క్రీడను, ప్రోత్సహించాలన్న మాట వచ్చినప్పుడల్లా పోటీలు, శిక్షణ, పర్యాటక ఆదాయం గురించే చర్చ జరుగుతోంది. ఆ క్రీడ వెనుక ఉన్న జీవన విధానాన్ని లోకానికి చూపడంలో సినిమాకు పెద్ద పాత్ర ఉంది. అలాంటి సినిమాలను తీసినవారు స్వయంగా సర్ఫర్లు కావడం మనం గమనించవలసిన విషయం.

2017 డిసెంబరులో కన్నుమూసిన అమెరికన్ సర్ఫర్ బ్రూస్ బ్రౌన్ 1950ల చివరి నుంచి తోటి సర్ఫర్లను 16 మిల్లీమీటర్ల ఫిల్మ్ కెమెరాతో చిత్రీకరించి, పాఠశాలల సభామందిరాల్లో ఆ చిత్రాలను ప్రదర్శిస్తూ, వ్యాఖ్యానం కూడా అక్కడికక్కడే తానే చెప్పేవారు. మైక్ హిన్సన్, రాబర్ట్ ఆగస్ట్ అనే ఇద్దరు యువకులు వేసవిని వెంబడిస్తూ ఖండాలు దాటిన ప్రయాణమే ఆయన తీసిన ‘ది ఎండ్‌లెస్ సమ్మర్’. సముద్రం ఎరుగని ఊళ్లలో దీనిని ఎవరూ చూడరని పంపిణీదారులు వెనకాడితే, కాన్సాస్ రాష్ట్రంలో, తీరానికి వందల మైళ్ల దూరాన ఉన్న విచిటాలో, అదీ నడి చలికాలంలో ప్రదర్శించి ఆయన రెండు వారాల పాటు థియేటరు నింపారు. 1966లో దేశమంతటా విడుదలైన ఆ చిత్రాన్ని 2002లో భద్రపరచదగిన చిత్రాల జాబితా అయిన అమెరికా జాతీయ చలనచిత్ర రిజిస్ట్రీలో చేర్చారు.

అల కోసం గంటల తరబడి ఎదురుచూడటంలోని ఆనందాన్ని అంత సహజంగా చూపగలగడం, ఆ నీటిలో తడిసిన మనిషికే సాధ్యమని నా నమ్మకం. అయితే ఆయన కెమెరా అలను చూసినంత శ్రద్ధగా తీరాన్ని చూడలేదు. దక్షిణాఫ్రికాలో కేప్ సెయింట్ ఫ్రాన్సిస్ అలను అపురూపంగా చూపిన చిత్రం, ఆనాడు ఆ దేశాన్ని శాసిస్తున్న వర్ణవివక్షను ఒక చమత్కారంతో దాటవేసింది. ఘనా మత్స్యకారులు సర్ఫింగ్‌ను అప్పుడే తొలిసారి చూస్తున్నట్లు వ్యాఖ్యానం సాగింది. కానీ ఘనా రాజధాని అక్రాలో పిల్లలు తేలికపాటి పలకలను పొట్ట కింద పెట్టుకుని అలల మీద ఒడ్డుకు రావడాన్ని 1830లలోనే ఒక బ్రిటిష్ యాత్రికుడు రాసిపెట్టాడు. బయటి నుంచి వచ్చినవాడు ఎంత ప్రేమతో తీసినా, తీరవాసుల చరిత్ర అతని చిత్రంలో ఈ విధంగా జారిపోతుంది.

మన విషయంలో అలా జరగకూడదు. దుంగలను కట్టిన తెప్ప మీద, విరిగే కెరటాల మధ్య నుంచి సముద్రంలోకి వెళ్లి, అదే కెరటం ఊపుతో ఒడ్డుకు చేరే విద్య ఉత్తరాంధ్ర మత్స్యకారులకు తరతరాలుగా తెలుసు. కాబట్టి రుషికొండ వంటి చోట్ల సర్ఫింగ్ నేర్పే ఏ ప్రభుత్వ పథకంలోనైనా మత్స్యకార కుటుంబాల యువతకు చలనచిత్రీకరణ శిక్షణను కూడా చేర్చాలని పర్యాటక శాఖను కోరుతున్నాను. తెప్ప నడిపిన పెద్దల అనుభవాలను వారి మాటల్లోనే ప్రచురించేందుకు మీ ఆదివారం అనుబంధంలో చోటు కల్పించవలసిందిగా మనవి.

– ఒక పాఠకుడు, విశాఖపట్నం