కార్నియా మార్పిడిని ‘కంటి మార్పిడి’ అని రాయకండి

సంపాదకుల వారికి,

ఏటా ఆగస్టు 25 నుంచి సెప్టెంబరు 8 వరకు జాతీయ నేత్రదాన పక్షోత్సవాలు జరుగుతాయి. ఆ రోజుల్లో పత్రికలు ఎంతో మంచి మనసుతో వార్తలు వేస్తాయి. ‘మృతుడి కళ్ళు మరొకరికి అమర్చారు’, ‘కంటి మార్పిడి విజయవంతం’ అన్న మాటలు వాటిలో తరచూ కనబడుతుంటాయి. ఆ మాటల వల్ల రోగులు, చనిపోయినవారి కుటుంబాలు ఎలా పొరబడతారో కంటి ఆసుపత్రుల్లో, నేత్రనిధుల్లో (ఐ బ్యాంకుల్లో) పనిచేసే మాకు తెలుసు. అందుకే ఈ లేఖ.

కన్ను మొత్తం తీసి మరొకరికి పెట్టి చూపు తెప్పించడం ఇంతవరకు ప్రపంచంలో ఎక్కడా సాధ్యపడలేదు. కంటి వెనక నుంచి మెదడుకు వెళ్ళే దృష్టినాడిలో 10 లక్షలకు పైగా పోగులుంటాయి. అవి తెగితే తిరిగి అతికించే దారి లేదు. 2023లో న్యూయార్క్‌లోని ఎన్‌వైయూ లాంగోన్ ఆసుపత్రి వైద్యులు ముఖంలో కొంత భాగంతో పాటు ఒక కన్నును పూర్తిగా అమర్చారు. ఆ కంటికి రక్తం అందింది, కన్ను నిలిచింది, చూపు మాత్రం రాలేదు. మన ఆసుపత్రుల్లో జరిగేది కార్నియా మార్పిడి, అంటే నల్లగుడ్డు మీద ఉండే తేటపొరను మాత్రమే మార్చడం. కేస్ షీట్ మీద డాక్టర్లు దాన్నే ‘కెరటోప్లాస్టీ’ అని రాస్తారు.

గ్రీకులో ‘కెరాస్’ అంటే కొమ్ము. కొమ్ములా గట్టిగా ఉండే పొర కాబట్టి కార్నియాకు ‘కెరటో’ అన్న పేరొచ్చింది. ‘కెరటోప్లాస్టీ’ అన్న మాటను జర్మన్ వైద్యుడు ఫ్రాంజ్ రైసింగర్ 1824లో వాడుకలోకి తెచ్చాడు. మనిషి మీద ఆ ఆపరేషన్ నిలబడింది మాత్రం 1905 డిసెంబరులో. నేటి చెక్ దేశంలోని ఓలోమౌట్స్‌లో ఎడ్వర్డ్ జిర్మ్ అనే వైద్యుడు, సున్నం పడి రెండు కళ్ళూ పోయిన ఒక కూలీకి చేశాడు. రెండు కళ్ళలో ఒకదానికే చూపు నిలిచింది. ఈ పని మొదటినుంచీ ఎంత సున్నితమైనదో దీన్నిబట్టి తెలుస్తుంది.

గడియారం మీద అద్దంలాగా నల్లగుడ్డును కప్పి ఉండే పారదర్శకమైన పొర కార్నియా. అడ్డం 11–12 మిల్లీమీటర్లు, నడిమి మందం సుమారు అర మిల్లీమీటరు. ఇక్కడ మన తెలుగు మాటలతోనే ఒక చిక్కుంది. పాఠ్యపుస్తకాల్లో కార్నియాకు ‘శుక్లపటలం’ అన్న మాట వాడతారు. జనం శుక్లం అనేది కంటి లోపలి కటకం తెల్లబడటాన్ని. రెండూ కలిసిపోయి, శుక్లాల ఆపరేషన్‌కు కూడా ఎవరో చనిపోయినవారి కన్ను కావాలనుకునే వాళ్ళున్నారు. శుక్లానికి పెట్టేది ఫ్యాక్టరీలో తయారైన ప్లాస్టిక్ లెన్సు. ‘పొర’ అన్న మాటా అంతే. పొర వచ్చిందంటే ఒక ఊళ్ళో శుక్లం, ఇంకో ఊళ్ళో నల్లగుడ్డు మీదికి పెరిగే కండ. ‘స్వచ్ఛపటలం’ అర్థానికి సరిపోయినా ఆసుపత్రి గడపలో ఎవరి నోటా వినం. అందరికీ తెలిసిన ‘కార్నియా’నే పత్రికలు స్థిరపరిస్తే మంచిది.

మాట తప్పితే మొదట నష్టపోయేది రోగి. కార్నియా మార్పిడి పనికొచ్చేది కార్నియా చెడిన వాళ్ళకు మాత్రమే. పుండు మాని తెల్లమచ్చ మిగిలినప్పుడు, మన పల్లెల్లో ‘కంట్లో పువ్వు’ అనేదానికి, కార్నియా నీరు పట్టి ఉబ్బినప్పుడు, కోను ఆకారంలో ముందుకు పొడుచుకొచ్చినప్పుడు ఇది దారి. నీటికాసులతో (గ్లకోమాతో) దృష్టినాడి ఎండినవారికి, షుగర్‌తో కంటి వెనక పొర రెటీనా దెబ్బతిన్నవారికి ఇది ఏమీ చేయలేదు. ‘కంటి మార్పిడి’ అన్న శీర్షిక చూసి అలాంటివారే ఆస్తులు అమ్ముకోవడానికైనా సిద్ధపడి వస్తారు. బిడ్డకు తన కన్ను ఒకటి ఇస్తానని తల్లులు అడుగుతారు. బతికున్న మనిషి కన్ను తీయరు, తీయకూడదు. కన్ను అమ్మడం, కొనడం 1994 నాటి అవయవ మార్పిడి చట్టం కింద నేరం.

ఇక కెరటోప్లాస్టీ అన్నది ఒకే ఆపరేషన్ కాదు. కార్నియా పూర్తి మందాన్ని మార్చడం పాత పద్ధతి. 7.5 నుంచి 8.5 మిల్లీమీటర్ల వ్యాసంతో రోగి కార్నియా నడిమి భాగాన్ని గుండ్రంగా కోసి తీసి, దానికంటే పావు, అర మిల్లీమీటరు పెద్దదైన దాత బిళ్ళను పెట్టి, వెంట్రుక కంటే సన్నని నైలాన్ దారంతో తరచుగా 16 కుట్లు వేస్తారు. ఆ కుట్లు నెలల తరబడి ఉంటాయి. చూపు కుదురుకోవడానికి ఏడాది కూడా పట్టవచ్చు. ఆ గాయం మానినా మునుపటి బలం రాదు. ఏళ్ళ తర్వాత కూడా కొమ్మ గట్టిగా తగిలితే, ఆటలో మోచేయి తగిలితే అతుకు దగ్గర కన్ను విచ్చుకోవచ్చు. పొలం పని, వడ్రంగం చేసేవాళ్ళకు రక్షణ అద్దాలు అందుకే చెబుతారు.

ముందు పొరలు మాత్రమే చెడి, లోపలి పొర బాగుంటే ముందు భాగమే మారుస్తారు. దాన్ని డాల్క్ అంటారు. గాలిని ఎక్కించి పొరలను విడదీస్తారు. ఆ సమయంలో లోపలి పొర చిరిగితే పూర్తి మార్పిడికి మారక తప్పదు. రోగికి ఈ విషయం ముందే చెప్పి సంతకం తీసుకుంటారు.

అసలు సూక్ష్మమంతా అన్నిటికంటే లోపలి పొరలో ఉంది. అది ఒక్క వరుస కణాలు. కార్నియాలోకి చేరే నీటిని అవి నిరంతరం తోడేస్తూ దాన్ని తేటగా ఉంచుతాయి. పుట్టినప్పుడు చదరపు మిల్లీమీటరుకు 3,000కు పైగా ఉండే ఈ కణాలు వయసుతో తగ్గుతాయే తప్ప మళ్ళీ పుట్టవు. సుమారు 500 కంటే తగ్గితే కార్నియా ఉబ్బి మసకబారుతుంది. కష్టమైన శుక్లాల ఆపరేషన్ తర్వాత కొందరికి జరిగేది ఇదే. అలాంటివారికి లోపలి పొరనే మారుస్తారు. పలచని కార్నియా పొరతో కలిపి పెడితే డీసెక్, ఆ లోపలి పొర ఒక్కదాన్నే పెడితే డీమెక్. డీమెక్ పొర మందం 10–15 మైక్రాన్లే, అంటే మొత్తం కార్నియాలో ముప్ఫయ్యో వంతు కూడా ఉండదు. చుట్టచుట్టుకుపోయే ఆ పొరకు నీలిరంగు పట్టించి, చిన్న కోతలోంచి లోపలికి పంపి, విప్పి, గాలి లేదా గ్యాసు బుడగతో పైకి ఒత్తి పెడతారు. రోగి వెల్లకిలా పడుకుంటేనే బుడగ పైకి తేలి పొరను అంటించి ఉంచుతుంది. ఆ మాట వినక లేచి తిరిగితే పొర ఊడిరావచ్చు, మళ్ళీ బుడగ ఎక్కించాలి.

అన్నిటికంటే ఎక్కువ అపార్థం మరొకచోట ఉంది. పొట్టు పడి, వరి ఆకు కోసుకుని, బూజు జాతి క్రిములు చేరి కార్నియా కరిగిపోతున్నప్పుడు, మందులకు లొంగకపోతే, చెడిన భాగం తీసేసి దాత కార్నియా వేస్తారు. అది చూపు కోసం చేసేది కాదు, కన్ను నిలబెట్టడానికి చేసేది. వాపులో వేసిన కార్నియా చాలామందికి తర్వాత మసకబారుతుంది. చూపు కోసం ఆలోచించేది కన్ను చల్లబడ్డాక, మరో ఆపరేషన్‌తో. మొదటి ఆపరేషన్ తర్వాత చూపు రాలేదని ‘కంటి మార్పిడి విఫలం’ అని రాస్తే అది నిజం కాదు. ఆకుపసరు పోయడం, మందుల షాపులో అడిగి స్టిరాయిడ్ చుక్కలు వేసుకోవడం ఈ పుండ్లను పెంచే పనులని అదే వార్తలో ఒక్క వాక్యం చేరిస్తే ఎన్నో కళ్ళు మిగులుతాయి.

మార్పిడి జరిగినవారు జీవితాంతం గుర్తుంచుకోవాల్సిన లక్షణాలు నాలుగు: కన్ను ఎర్రబడటం, వెలుతురు భరించలేకపోవడం, చూపు తగ్గడం, నొప్పి. వీటిలో ఏ ఒక్కటి కనిపించినా అదే రోజు ఆసుపత్రికి రావాలి. శరీరం కార్నియాను తిరస్కరిస్తోందన్న సూచన కావచ్చు. తొలి రోజుల్లోనే గుర్తిస్తే స్టిరాయిడ్ చుక్కలతో చాలావరకు ఆపవచ్చు, వారం ఆగితే కణాలు పోతాయి. కుట్టు వదులైనా ఇసుక పడ్డట్టు గుచ్చుకుంటుంది. దాన్ని వదిలేస్తే ఆ దారం వెంటే క్రిములు చేరతాయి. బాగానే ఉందని చుక్కలు సొంతంగా మానేయడం, డాక్టర్ ఆపమన్నా అవే చుక్కలు కొనసాగించడం రెండూ ప్రమాదమే. ఎక్కువ కాలం వాడితే కంటి ప్రెజర్ పెరిగి నీటికాసులు వస్తాయి.

ఇక దానమిచ్చే ఇంటి సంగతి. ‘కళ్ళు పీకేస్తారు’ అన్న భయానికి శీర్షికలే బలమిస్తున్నాయి. ఇప్పుడు చాలాచోట్ల కార్నియాను, చుట్టూ తెల్లగుడ్డు అంచుతో సహా, బిళ్ళలా మాత్రమే తీస్తారు. గుడ్డు మొత్తం తీసినచోట కూడా లోపల అమరిక పెట్టి రెప్పలు మూస్తారు, ముఖం వికారం కాదు. ఇంటికే వచ్చి 15–20 నిమిషాల్లో ముగిస్తారు. పరీక్షల కోసం కొద్దిగా రక్తం తీసుకుంటారు. ప్రాణం పోయిన 6 గంటల లోపు జరగాలి కాబట్టి ముందు ఫోన్ చేసి, తర్వాత బంధువుల కోసం చూడాలి. ఆలోపు రెప్పలు మూసి, తడిపిన శుభ్రమైన దూది వాటిమీద పెట్టి, ఫ్యాను ఆపి, తల కింద దిండు పెట్టి ఎత్తుగా ఉంచాలి. ఫ్యాను గాలికి కార్నియా ఎండిపోతుంది. ఏసీ ఉంటే వేయవచ్చు. ప్రతిజ్ఞాపత్రం నింపకపోయినా దగ్గరివారు సంతకం చేస్తే చాలు. నింపినా వారు ఒప్పుకోకపోతే నేత్రనిధి ముట్టుకోదు. కళ్ళజోడు, శుక్లాల ఆపరేషన్, షుగర్, బీపీ, వృద్ధాప్యం ఏవీ అడ్డు కావు. ఎయిడ్స్, హెపటైటిస్ బి, సి, రేబిస్, రక్త క్యాన్సర్ ఉంటే తీసుకోరు.

తీసిన కార్నియాను ద్రావణంలో, 2–8 డిగ్రీల చల్లదనంలో దాస్తారు. మన దగ్గర ఎక్కువగా వాడే ఎంకే మీడియం అనే ద్రావణంలో అది 4 రోజులే నిలుస్తుంది. సూక్ష్మదర్శినితో కణాలు లెక్కపెట్టి ఏది ఎవరికి పనికొస్తుందో తేలుస్తారు. కణాలు బాగుంటే చూపు కోసం, తక్కువుంటే పుండు కేసులకు. కొన్ని దేనికీ పనికిరాక వైద్యుల శిక్షణకు, పరిశోధనకు వెళ్తాయి. ఒక్కోసారి ఒకే కార్నియాను విడదీసి ముందు పొరను ఒకరికి, లోపలి పొరను మరొకరికి వేస్తారు. కాబట్టి దానం జరిగిన మర్నాడే ‘ఇద్దరికి చూపు’ అని రాయడం తొందరపాటు. ‘రెండు కార్నియాలు దానం చేశారు’ అని రాస్తే అది ఎప్పటికీ నిజంగానే ఉంటుంది.

హైదరాబాద్ కేంద్రంగా పనిచేసే ఎల్వీ ప్రసాద్ నేత్ర సంస్థ ఒక్కటే 50 వేలకు పైగా కార్నియా మార్పిళ్ళు చేసింది. ఇంత పని మన గడ్డ మీదే జరుగుతుంటే దాని పేరైనా తెలుగు పత్రికల్లో సరిగా ఉండాలని మా కోరిక. వీలైతే ఏ రకం, దేని కోసం అన్నది కూడా ఒక ముక్కలో చేర్చండి: ‘చూపు కోసం పూర్తి మందం కార్నియా మార్పిడి’, ‘పుండు నుంచి కన్ను కాపాడేందుకు కార్నియా మార్పిడి’ అన్నట్టు.

మరో మనవి. దాత ఫొటో, గ్రహీత ఫొటో పక్కపక్కన వేయకండి. ఎవరిది ఎవరికి వెళ్ళిందో నేత్రనిధులు బయటపెట్టవు. పోయిన మనిషి ‘ఆ కళ్ళతోనే చూస్తున్నాడు’ అనుకుని బంధువులు ఆ ఇంటికి వెళ్తే అక్కడ కనిపించేవి గ్రహీత సొంత కళ్ళే. కంటి రంగు కార్నియా వెనకున్న పొరది, అది మారదు.

ఇట్లు,
కొందరు నేత్రనిధి ఉద్యోగులు, కంటి ఆసుపత్రి సిబ్బంది
గుంటూరు