లిస్బన్ గుర్రాల బడి: ప్రదర్శన కన్నా పొద్దుటి సాధన

గౌరవనీయులైన సంపాదకులకు,

మీ ఆదివారం సంచికలో లిస్బన్ నగరం గురించి వచ్చిన యాత్రా వ్యాసం చదివాను. ఉద్యోగరీత్యా మూడేళ్లుగా ఈ ఊళ్లోనే ఉంటున్నదాన్ని కాబట్టి వ్యాసం కంటపడగానే వదలకుండా చదివాను, చాలామటుకు నచ్చింది కూడా. అయితే బెలేం పేటలోని సంప్రదాయ గుర్రపుస్వారీ పాఠశాల గురించి రాసిన రెండు పేరాల దగ్గర మాత్రం మనసు ఒప్పుకోలేదు. అక్కడి గుర్రాలు సంగీతానికి నాట్యం చేస్తాయనీ, పెద్ద ప్రదర్శనకు టికెట్ దొరకకపోతే అటు వెళ్లి లాభం లేదనీ వ్యాసకర్త తేల్చేశారు. ఆ పాఠశాలలో ఉదయంపూట జరిగే సాధనను నాలుగుసార్లు, ప్రదర్శనను ఒకసారి చూసిన అనుభవంతో చెబుతున్నాను: రెంటిలో ఒకదానికే వీలున్నవారు సాధనకే వెళ్లాలి.

ముందుగా ఒక దిద్దుబాటు. వ్యాసం పక్కన ఆ పాఠశాలే అన్న వ్యాఖ్యతో వేసిన ఫొటోలో కనిపిస్తున్న, పైకప్పు నిండా చిత్రాలున్న పొడవాటి హాలులో ఇప్పుడు గుర్రాలు తిరగవు. అది 18వ శతాబ్దంలో రాజకుటుంబం కట్టించుకున్న స్వారీశాల. 1905లో అమేలియా రాణి దాన్ని రాజశకటాల మ్యూజియంగా మార్చింది. నేటి పాఠశాల అక్కడికి దగ్గరలోనే, కల్సాదా ద అజూదా అనే ఎత్తువీధిలో ఉన్న వేరే స్వారీశాలలో 2015 నుంచి నడుస్తోంది. ఒలింపిక్స్‌లో పోటీపడిన సైనికాధికారి ఎన్రీక్ కలాదు పేరు దానికి పెట్టారు. 1979లో మొదలైన ఈ పాఠశాల అంతకుముందు చాలా ఏళ్లు లిస్బన్ దగ్గరి కెలూష్ రాజభవనాన్ని ఆశ్రయించుకుని ఉండేది. ఈ తేడా తెలియక నేను కూడా మొదటిసారి మ్యూజియం గుమ్మం దగ్గరే అరగంట పోగొట్టుకున్నాను.

ఇక సాధన సంగతి. లోపల అడుగు పెట్టగానే ముందుగా గమనించేది నిశ్శబ్దం. ఒకేసారి ఐదారు గుర్రాలు ఇసుక మీద తిరుగుతున్నా గిట్టల చప్పుడు మెత్తగా, తడిబట్టను తట్టినట్లుగా వినిపిస్తుంది; దాని పైన గుర్రాల ముక్కుల నుంచి వచ్చే బుసలు, జీనుతోలు కిర్రుమనే శబ్దం, అంతే. ప్రదర్శనలో కనిపించే ముదురెరుపు కోట్లు, మూడు కొనల టోపీలు ఇక్కడ లేవు. పని దుస్తుల్లో ఉన్న రౌతులు ఎవరి పాఠం వారు చూసుకుంటూ, ఎదురుపడినప్పుడు ఒకరికొకరు దారి ఇచ్చుకుంటూ పోతుంటారు. మనం వచ్చి కూర్చున్నామన్న స్పృహ కూడా వారికి ఉన్నట్లు కనిపించదు. వయసు మళ్లిన గుర్రం మీద కుర్ర రౌతు, కుర్ర గుర్రం మీద తల నెరిసిన రౌతు ఉండటం చూసి మొదట యాదృచ్ఛికం అనుకున్నాను. ఇద్దరిలో ఒకరికైనా పని తెలిసి ఉండాలి కదా అని తర్వాత తట్టింది.

నేను రెండోసారి వెళ్లినప్పుడు చూసిన ఒక్క పాఠం గురించి కొంచెం వివరంగా చెప్పాలి. నడివయసు శిక్షకుడొకరు గుర్రం ఎక్కకుండా, గోడవారగా దాని పక్కనే నడుస్తున్నారు. ఒక చేతిలో కళ్లెం పగ్గాలు, రెండో చేతిలో సన్నటి పొడవాటి బెత్తం. ఆ బెత్తంతో కొట్టడం లేదు. వెనుకకాలిని ఈగ వాలినట్లు తాకిస్తున్నారు. ఆ గుర్రం నేర్చుకుంటున్న పనిని పియాఫే అంటారు. ముందుకు సాగకుండా, ఉన్నచోటనే, ఎదురెదురు మూలల్లోని ముంగాలూ వెనుకకాలూ జంటగా లేస్తూ దిగుతూ లయ తప్పకుండా అడుగులు వేయడమన్నమాట. మొదటి ప్రయత్నంలో రెండడుగులు కుదిరాయి, మూడోది తడబడింది. వెంటనే ఆయన బెత్తం దించి, పగ్గాలు వదులుచేసి, దానితోపాటు స్వారీశాల చుట్టూ ఒక సగం తిరిగి వచ్చారు. గుర్రం మెడ చాచి ఇసుకను వాసన చూసుకుంటూ నడిచింది. రెండోసారీ అంతే. మూడోసారి నాలుగడుగులు చక్కగా పడ్డాయి. ఇంత బాగా వచ్చింది కదా, ఐదోదీ ఆరోదీ వేయిస్తారనుకుని నేను ముందుకు వంగాను. ఆయన మాత్రం నాలుగో అడుగు దగ్గరే ఆపేసి, మెడ నిమిరి, జేబులోంచి ఏదో తీసి అరచేతిలో పెట్టి తినిపించి, గుర్రాన్ని సాలకు పంపించేశారు. మొత్తం పాఠానికి ఇరవై నిమిషాలు కూడా పట్టలేదు.

నేను ఈ ఉత్తరం రాయడానికి కారణం ఆ నాలుగో అడుగే. ప్రదర్శనలో గుర్రం ఏం చేయగలదో తెలుస్తుంది. ఎక్కడ ఆపితే దానికి చేతనవుతుందో తెలిసేది సాధనలోనే. ప్రదర్శన నాడు అవే అడుగులు వరుసగా పదిహేనో ఇరవయ్యో పడుతుంటే చప్పట్లు కొట్టాను గానీ, ఆ శిక్షకుడి చేయి ఆగిన క్షణాన్ని ముందే చూసి ఉండకపోతే ఆ అడుగుల విలువ నాకు తెలిసేది కాదు.

'నాట్యం' అన్న మాట గురించి కూడా ఇక్కడే చెప్పుకోవాలి. గుర్రానికి తల, మెడ ముందువైపు ఉన్నందువల్ల నిలబడినప్పుడు దాని బరువులో సుమారు 60 శాతం ముంగాళ్ల మీదే పడుతుంది. దాని మీద మనిషి ఎక్కి కూర్చుంటే ఆ భారం ఇంకా పెరుగుతుంది. ఈ స్వారీ విద్య అంతా ఆ బరువును కొద్దికొద్దిగా వెనుకకాళ్ల మీదికి మళ్లించే ప్రయత్నం. ముందుగా గుర్రం భుజాలను గోడ నుంచి కాస్త లోపలికి తిప్పి ఏటవాలుగా నడిపిస్తారు. అప్పుడు లోపలి వెనుకకాలు పొట్ట కిందికి వచ్చి పడక తప్పదు. ఎదురుగా కూర్చుని చూస్తే నాలుగు కాళ్లూ మూడు గాడుల్లో, అంటే మూడు వరుసల్లోనే, పడుతున్నట్లు కనిపిస్తాయి. నెలల తరబడి ఇలా నడిచాక వెనుకకాళ్ల కీళ్లు మడవడం అలవాటై, పిరుదులు కిందికి దిగి, ముందుభాగం తేలికపడుతుంది. పియాఫే ఆ మార్గంలో వచ్చే ఒక మజిలీ. ముంగాళ్లు ఎత్తి మడిచి, శరీరమంతా వెనుకకాళ్ల మీద నిలబెట్టే లెవాద్, గాలిలోకి ఎగిరి వెనుకకాళ్లతో తన్నే కప్రియోల్ ఇంకా పైమెట్లు. వాటిని అన్ని గుర్రాలూ అందుకోలేవు. కాబట్టి సంగీతం విని గుర్రం అడుగు వేయడం లేదు. ఏళ్ల తరబడి బలపడిన నడుము, కీళ్లు వేయించే అడుగులవి. పాట వాటికి తర్వాత తోడయింది.

ఈ సందర్భంలో నా తప్పు ఒకటి ఒప్పుకోవాలి. మూడోసారి వెళ్లినప్పుడు ముందువరుసలో కూర్చున్నాను; చేతిసంచిలో ఉన్న ఫోను గట్టిగా మోగింది. దగ్గరలోనే పోతున్న గుర్రం చెవుల్లో ఒకటి నావైపు తిరిగింది. తల కదల్లేదు, నడక మారలేదు, ఒక్క చెవి మాత్రమే. రౌతు నావైపు కన్నెత్తి చూడలేదు. గుర్రాన్ని చిన్న వలయంలోకి తిప్పుకుని, మెడను లోపలికి వంచి రెండు చుట్లు నడిపించారు. రెండో చుట్టు ముగిసేసరికి ఆ చెవి మళ్లీ వెనక్కి, రౌతువైపు తిరిగింది. అప్పుడు ఆయన వదిలేసిన పాఠాన్ని మొదటి నుంచి ఎత్తుకున్నారు. నా మూలంగా పాడైన పనిని ఒకరు మాట మాట్లాడకుండా బాగుచేస్తుంటే చూడటం కన్నా, నాలుగు చీవాట్లు తినడమే సులువుగా ఉండేది.

ఆ గుర్రాల గురించి వ్యాసంలో ఒక్క వాక్యమూ లేకపోవడం నాకు లోటుగా అనిపించింది. అవన్నీ మగగుర్రాలు, లుసితానో జాతిలో ఆల్తెర్ రియాల్ వంశానికి చెందినవి. ఎరుపు కలిసిన గోధుమ రంగు ఒళ్లు, నల్లటి జూలు, నల్లటి తోక, కాస్త ఉబికిన ముక్కుదూలం వాటి గుర్తులు. వీటిని పెంచడానికే ఐదవ జువావ్ రాజు 1748లో అలెంతేజు ప్రాంతంలోని ఆల్తెర్ దు షావ్‌లో అశ్వక్షేత్రాన్ని ఏర్పాటు చేశాడు. నదీతీరంలోని ప్రాసా దు కొమెర్సియు కూడలిలో 1775లో నిలిపిన జోసె రాజు కంచు విగ్రహాన్ని మీ వ్యాసకర్త మెచ్చుకున్నారు. శిల్పి మషాదు ద కాశ్త్రు ఆ విగ్రహంలోని గుర్రానికి నమూనాగా తీసుకున్నది ఆల్తెర్ గుర్రాన్నే. ఆ కాలంలో రాజుగారి అశ్వాధికారిగా ఉన్న నాలుగో మరియాల్వ మార్క్విస్ అనే ప్రభువు స్వారీ పద్ధతికి ఎంత పేరొచ్చిందంటే, ఈ దేశంలో ఈ విద్యను నేటికీ 'మరియాల్వ కళ' అని పిలుస్తారు. 1807లో నెపోలియన్ సేనలు దండెత్తి రావడంతో రాజపరివారం బ్రెజిల్‌కు తరలిపోయింది, అశ్వక్షేత్రమూ దెబ్బతిన్నది. 20వ శతాబ్దంలో మిగిలిన కొద్దిపాటి గుర్రాలతో రూయ్ ద అంద్రాద్ అనే పశుసంపద నిపుణుడు ఈ వంశాన్ని నిలబెట్టకపోతే నేడు చూడటానికి ఏమీ ఉండేది కాదు.

ఆ మధ్యకాలమంతా విద్యను బతికించినవాటిలో గుర్రం మీది నుంచి ఎద్దుతో తలపడే క్రీడకు పెద్ద భాగం ఉందన్నది ఇక్కడ ఎవరూ దాచని నిజం. ఎద్దు కొమ్ములకు అందకుండా ఒక్క క్షణంలో ఆగి, తిరిగి, దూకగల గుర్రమే ఆ క్రీడకు కావాలి కాబట్టి పాత పాఠాలు మరుగున పడలేదు. ఆ క్రీడ నాకు నచ్చదు, చూడటానికి వెళ్లను కూడా. అయినా ఈ స్వారీశాలలో కూర్చుని మెచ్చుకుంటున్న ప్రతి అడుగులోనూ దాని వాటా ఉందని తలుచుకుంటే ఇబ్బందిగానే ఉంటుంది. తర్వాత నూనో ఒలివేరా (1925–1989) వంటి గురువులు దాన్ని మళ్లీ శుద్ధమైన స్వారీకళగా బోధించారు. 1979లో పాఠశాల పెట్టినవారిలో ఆయన దగ్గర నేర్చుకున్నవారున్నారు. 2024లో పోర్చుగల్ అశ్వకళను యునెస్కో మానవజాతి సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చింది.

ఇదంతా జంతువును హింసించడమేనని, వ్యాసం వచ్చిన మరుసటి వారమే మీ పత్రికలో ఒక పాఠకుడు రాశారు. ఆ అనుమానం అర్థంలేనిదని నేననను. రౌతుల బూటు మడమలకు ఇనుప ముళ్లుంటాయి, పెద్ద గుర్రాల నోట్లో రెండు కళ్లెపు కమ్ములు ఉంటాయి. చేతి బరువు తెలియనివాడి చేతిలో అవి గాయపరిచే పనిముట్లే. అందుకే నా సలహా మళ్లీ సాధన దగ్గరికే వస్తుంది. దీపాల వెలుగు, సంగీతం మధ్య గుర్రం ఏ స్థితిలో ఉందో గమనించడం కష్టం. ఉదయంపూట నిశ్శబ్దంలో తోక విసురు, చెవుల తీరు, నోటి కదలిక స్పష్టంగా కనిపిస్తాయి. తోక మాటిమాటికీ ఝాడిస్తున్నా, చెవులు మెడకు అంటుకుపోయినా, నోరు తెరుచుకుని దవడ బిగుసుకున్నా గుర్రం బాధలోనో విసుగులోనో ఉందని అర్థం చేసుకోవచ్చు. నేను వెళ్లిన నాలుగు రోజుల్లో ఒక గుర్రం తోక చాలాసేపు ఝాడించడం చూశాను. దాని రౌతు అడుగుతున్న పని మానేసి, పగ్గాలు పొడవుగా వదిలి నడిపించి, లోపలికి తీసుకుపోయారు. నాలుగు రోజుల చూపుతో పాఠశాల అంతటికీ యోగ్యతాపత్రం ఇవ్వలేను గానీ, సందేహం ఉన్నవారు కూర్చుని పరిశీలించవలసిన సమయం ఉదయమే.

వెళ్లదలచినవారికి మరో రెండు మాటలు. సాధన అన్ని రోజులూ ఉండదు, వేళలు మారుతుంటాయి. కాబట్టి ముందే కనుక్కుని వెళ్లాలి. ఫొటోల కోసం ఫ్లాష్ వాడకూడదు, ఫోను సంగతి నా అనుభవం చూశారుగా. వీలైతే పొడవాటి వైపున కాకుండా చివరన కూర్చోండి. గుర్రం ఎదురుగా వస్తున్నప్పుడే ఆ మూడు గాడులు కనిపిస్తాయి.

ఆ ఫొటో కింది వ్యాఖ్యను వచ్చే సంచికలో సరిదిద్దితే, 15వ నంబరు ట్రాము దిగి శకటాల మ్యూజియం ముందు గుర్రాల కోసం ఎదురుచూసే మన పాఠకులకు కనీసం అరగంటైనా మిగిల్చినవారవుతారు.

ఇట్లు,
మీ పాఠకురాలు,
లిస్బన్