తొమ్మిదిని రాజుని చెయ్యకు
టెడింగ్‌టన్, లండన్
ఆదివారం

ఒరే తమ్ముడూ,

నీ నాదలంక కథ చదివేను. అన్నం చల్లారిపోతున్నా లేవకుండా చదివేనని అమ్మకి చెప్పు, నిన్ను తిట్టడం కొంచెం తగ్గిస్తుంది.

నాకర్థమైన సిద్ధాంతం ఇదీ: అక్కడ ప్రతి అంకెకీ ఒక కంపనం ఉంది, అది మోగే తీరునిబట్టే కాలం నడుస్తుంది. రెండు మోగే వీధిలో పిల్లలు తీరిగ్గా పెరుగుతారు. తొమ్మిది మోగే కోటలో ముసలితనం ఒక్క పూటలో వచ్చిపడుతుంది. ఊహ బాగుంది. కానీ తొమ్మిదిని రాజుని ఎందుకు చేసేవురా? తొమ్మిదిని దేంతో హెచ్చించినా, వచ్చిన అంకెలు కూడుకుంటూ పోతే మళ్లీ తొమ్మిదే తేలుతుందని రాసేవు. అది తొమ్మిది మహిమ కాదు, మన పది వేళ్లది. పదుల్లో లెక్కపెడతాం కనక పదికి ఒకటి తక్కువైన దానికి ఆ గుణం వచ్చింది. నాదలంక వాళ్లకి చేతికి ఆరేసి వేళ్లని మొదటి పేజీలోనే రాసేసేవు కదా! వాళ్లు పన్నెండుల్లో లెక్కపెడతారు. అక్కడ ఆ మాయ పదకొండుది. మన ఇరవై రెండు వాళ్లకి ఒక పన్నెండూ, పైన పదీ. ఆ ఒకటీ పదీ కలిపితే పదకొండు. నీ రాజుని గద్దె దింపెయ్యి.

కంపనానికీ కాలానికీ సంబంధం మాత్రం నువ్వు కల్పించక్కర్లేదు. నేనుంటున్న ఈ ఊళ్లోనే, నేషనల్ ఫిజికల్ లాబొరేటరీలో, 1955లో లూయీ ఎస్సెన్, జాక్ ప్యారీ సీసియం గడియారం నడిపించేరు. 1967 నుంచి సెకనంటే సీసియం-133 పరమాణువు తరంగం ఒకటి 919 కోట్ల 26 లక్షల 31 వేల 770 సార్లు ఊగేంత సేపు. ఆ అంకెలో దైవరహస్యం ఏమీ లేదు. ఆకాశాన్ని చూసి కట్టిన పాత సెకనుకి సరిపోయేలా కొలిచి పెట్టుకున్నదే. నీ కథలో పూజారులు ఈ మాట ఛస్తే ఒప్పుకోరనుకో.

నాన్న చేతి గడియారంలో అయితే శ్రుతిదండం ఆకారంలో చిన్న క్వార్ట్జ్ ముక్క సెకనుకి 32,768 సార్లు కంపిస్తుంది. దాన్ని సగం చేసి, ఆ సగాన్ని మళ్లీ సగం చేసి, అలా 15 సార్లు చేస్తే సెకనుకి ఒక్క దెబ్బ మిగుల్తుంది. మన బొబ్బిలి వీణ గుర్తు తెచ్చుకో. పన్నెండో మెట్టు దగ్గర తీగ సగమై పై షడ్జం పలుకుతుంది, కంపనాలు రెట్టింపవుతాయి. ఇరవై నాలుగో మెట్టు మీద ఇంకోసారి రెట్టింపు. ఇలా ఒక్కో రెట్టింపూ ఒక స్థాయి. అంటే నాన్న గడియారం చేసేదల్లా 15 స్థాయిలు కిందికి దిగడమే! సెకనుకి ఇరవై కంపనాల కిందికి పోతే చెవికి స్వరం అందదు, విడివిడి దెబ్బలే మిగుల్తాయి.

నీ సిద్ధాంతాన్ని ఇక్కణ్ణుంచి కట్టు. నాదలంకలో కాలమంటే చెవికందనంత కిందికి దిగిపోయిన స్వరం. స్థాయికి పన్నెండు మెట్లు, వాళ్లకి పన్నెండు వేళ్లు, ఇంక తొమ్మిదితో పనేమిటి? ఏడాదిని కూడా స్వరంగా వినగలిగే ముసలమ్మనొకర్తెని పెట్టు. ఆవిడకి పంటకాలం తప్పితే అపశ్రుతి వినబడాలి. ఆవిడ దగ్గరికి కోటవాళ్లు ఎందుకు వస్తారో నువ్వే ఆలోచించుకో.

ఈ లెక్కలు కథలో ఉన్నంతసేపూ నాకిష్టమే. పేరులో ఒక అక్షరం పెంచితే ఉద్యోగం వస్తుందని నీకెవరో చెప్పేరట, అమ్మ ఫోన్లో అంది. దానికి డబ్బులు తగలెయ్యకు.

కోట ఘట్టం తిరగరాసి పంపు. నాన్న గడియారం మాత్రం విప్పకు.

అక్క